ఫ్రోజెన్ చికెన్ లెగ్ పీసుల కవర్లో గడ్డకట్టిన ఎర్ర నీళ్లు: తప్పు దారిలోనా, ప్యాకింగ్‌లోనా?

చెన్నై నుంచి ఒంగోలుకు రీఫర్ బండిలో (ఫ్రీజర్ ఉన్న లారీ) వచ్చే సరుకు ఇది. డిస్‌ప్లేలో మైనస్ 18 చూపిస్తోంది, కానీ అది గాలి టెంపరేచర్. రెండు పెట్టెల మధ్య థర్మామీటర్ దూర్చితే లోపలివి మైనస్ 17, తలుపు దగ్గరివి మైనస్ 9. ఆ తలుపు దగ్గరి కవర్లలోనే ఎర్ర నీళ్లు ఒక మూలన పలకలా గడ్డకట్టాయి, ముక్కలు ఒకదానికొకటి అతుక్కుపోయాయి. నెల్లూరు, కావలిలో దింపేటప్పుడు తలుపు తీసిపెడితే కరిగి, మళ్లీ గడ్డకట్టిందని అనుమానం. గ్లేజింగ్ (ముక్కలు ఎండిపోకుండా ప్యాకింగ్‌లో నీళ్లతో వేసే ఐసు పొర) ఎక్కువైతే ఆ పొర తెల్లగా, అన్ని ప్యాకెట్లకూ ఉండాలి కదా?

2 కిలోల ప్యాకెట్ కరిగించి నీళ్లు వారిస్తే 1 కిలో 780 గ్రాములే తూగుతోంది.

ఐరోపాలో మైనస్ 18లో ఉంచాల్సిన సరుకుకు రవాణాలో కాసేపు మైనస్ 15 దాకా ఒప్పుకుంటారు. ఎగుమతి సరుకు చూసేవాళ్లు చెప్పండన్నా, డేటా లాగర్ (దారి పొడవునా టెంపరేచర్ నమోదు చేసే పరికరం) తలుపు వైపు పెట్టాలా, మధ్యలోనా? ఎన్ని డిగ్రీలు దాటితే మీరు సరుకు వెనక్కి పంపుతారు? తలుపుకు స్ట్రిప్ కర్టెన్ (ప్లాస్టిక్ పట్టీల తెర) వేస్తే ఆగుతుందా?