మళ్ళీ పెళ్ళి చేసుకుంటే ఫ్యామిలీ పెన్షన్ ఆపేయాలా?

పెరంబూరు పిన్ని:
మా అక్క అల్లుడు ప్రభుత్వ రంగ బ్యాంకులో సర్వీసులో ఉండగానే పోయాడు. 2010 ఏప్రిల్‌కి ముందు చేరినవాడు కాబట్టి పాత పెన్షన్ పథకమే. అమ్మాయికి ఫ్యామిలీ పెన్షన్ వస్తోంది, పిల్లలు లేరు. ఈమధ్య ఒక సంబంధం వచ్చింది, తనకీ ఇష్టమే. కానీ పెళ్ళయిన రోజుతో పెన్షన్ ఆగిపోతుందట. రూల్ సరే, అది న్యాయమేనా? ఈ టెన్షన్‌తోనే మా అక్క పెళ్ళి మాట ఎత్తడం మానేసింది.

కొళత్తూరు రిటైర్డ్ మేనేజర్:
మీరు విన్నది నిజమేనమ్మా. 1995 బ్యాంకు ఉద్యోగుల పెన్షన్ రెగ్యులేషన్స్ ప్రకారం భార్యకైనా భర్తకైనా చనిపోయేదాకా, లేదంటే మళ్ళీ పెళ్ళి చేసుకునేదాకా మాత్రమే. పిల్లలుంటే వాళ్ళకి మారుతుంది, 25 ఏళ్ళ వరకు. నా దృష్టిలో ఇది సబబే. ఇది ఆస్తి కాదు, సంపాదించే మనిషి పోయిన ఇంటికి ఆసరా. కొత్త సంసారం ఏర్పడ్డాక ఆ అవసరం తీరినట్టే. 2021 దాకా మన ఫ్యామిలీ పెన్షన్‌కి 9,284 రూపాయల సీలింగ్ ఉండేది. అది ఎత్తేసి చివరి జీతంలో 30 శాతం ఇప్పించుకోవడానికి బ్యాంకు ఉద్యోగ సంఘాలు ఎంత కష్టపడ్డాయో నాకు తెలుసు. పెన్షన్ ఫండ్‌లో డబ్బుంటే ముందు ఎవరూ లేని ముసలమ్మలకి పెంచాలి.

అంబత్తూరు క్లర్క్:
సార్, ఒక్క విషయం ఆలోచించండి. భర్త పోయినావిడ నెలకి లక్ష సంపాదిస్తున్నా ఫ్యామిలీ పెన్షన్ ఆగదు, ఆగకూడదు కూడా. అదే ఏ సంపాదనా లేని ఆవిడ ఒక ఆటో డ్రైవర్ని చేసుకుంటే ఆ నెల నుంచే బంద్. మరి ఈ రూల్ అవసరాన్ని ఎక్కడ కొలుస్తోంది? పెళ్ళి చేసుకుందా లేదా అన్నదొక్కటే చూస్తోంది.

ఈ ఆలోచన ఎక్కణ్ణుంచి వచ్చిందో చూడండి. 1856 వితంతు పునర్వివాహ చట్టం పెళ్ళికి ఒప్పుకుంటూనే, ఆ క్షణాన ఆమె చనిపోయినట్టే లెక్కగట్టి, మొదటి భర్త ఆస్తిలో హక్కు తీసేసింది. 1956 హిందూ వారసత్వ చట్టంతో భర్త నుంచి వచ్చిన ఆస్తి భార్యకి పూర్తి సొంతమైంది. పాత చట్టాన్ని 1983లో రద్దు చేశారు. ఇల్లూ పొలమూ ఆమెవే అన్నాక, నెలనెలా వచ్చే పెన్షన్ దగ్గరే ఆమెను ఎందుకు ఆపాలి?

కేంద్ర ప్రభుత్వ ఉద్యోగుల్లో పిల్లల్లేని భార్య మళ్ళీ పెళ్ళి చేసుకున్నా, ఆమె సొంత ఆదాయం కనీస ఫ్యామిలీ పెన్షన్ దాటకపోతే పెన్షన్ కొనసాగుతుంది. వాళ్ళకి కుదిరింది మనకెందుకు కుదరదు?

కొళత్తూరు రిటైర్డ్ మేనేజర్:
ఆదాయ పరిమితి పెడితే పిల్లల్లేని వాళ్ళ వరకు నేను ఒప్పుకుంటాను. పిల్లలున్న చోట మాత్రం ఇప్పుడున్న పద్ధతే మంచిది, తండ్రి పెన్షన్ నేరుగా బిడ్డకే చేరుతుంది. అమ్మా, ఒక హెచ్చరిక. పెన్షన్ పోతుందని పెళ్ళి దాచే ఆలోచన మాత్రం చేయకండి. ఏటా నవంబర్‌లో లైఫ్ సర్టిఫికెట్‌తో పాటు మళ్ళీ పెళ్ళి కాలేదని సంతకం పెట్టాలి. అబద్ధం బయటపడితే తీసుకున్నదంతా తిరిగి కట్టాల్సి వస్తుంది.

పెరంబూరు పిన్ని:
దాచమండీ. దాస్తే నష్టం మా పిల్లకే. గుళ్ళో తాళి కట్టించి రిజిస్టర్ చేయించకుండా ఉంచితే, రేపు ఆ అబ్బాయికి ఏదైనా అయితే భార్యనని నిరూపించుకోవడం కష్టం. చుట్టాల్లో ఒకావిడ అలాగే ఉంది, చూస్తున్నాను. పెళ్ళి రిజిస్టర్ ఆఫీసులోనే చేస్తాం, పెన్షన్ ఆగితే ఆగనీ. కానీ సంఘాల్లో ఉన్నవాళ్ళు ఇక్కడ చాలామంది ఉన్నారు. బ్యాంకు ఉద్యోగుల జీతాల మీద ఇప్పుడున్న ఒప్పందం 2027 అక్టోబర్‌తో ముగుస్తుంది కదా. వచ్చే డిమాండ్ల పత్రంలో పిల్లల్లేని వాళ్ళ విషయమైనా రాయించండి. దానికి సంతకాలు కావాలంటే పెరంబూరు, విల్లివాక్కంలో నేను తిరుగుతాను.