‘చచ్చిన గుర్రానికి పని చేయడం’: ఓడ కళాసుల మాటకు తెలుగు ఏమిటి?

అనువాదకురాలు:
అందరికీ నమస్కారం. తెరచాప ఓడలో పనిచేసిన ఒక ఇంగ్లిష్ కళాసి జ్ఞాపకాలను తెలుగు చేస్తున్నాను. లివర్‌పూల్ నుంచి ఓడ బయలుదేరిన రెండో వారంలో ‘ఇంకా చచ్చిన గుర్రానికే పని చేస్తున్నాం’ అని రాశాడు. కొన్ని పేజీల తర్వాత గుర్రాన్ని ఓడ మీద ఊరేగించి, పాడుతూ సముద్రంలో పడేశారట. అసలు ఓడలో గుర్రం ఎక్కడిది? మొదటి వాక్యానికి ‘చచ్చిన పామును కొట్టడం’ అని పెడితే సరిపోతుందా?

భీమిలి మాస్టారు:
పాము ఇక్కడ పనికిరాదమ్మా. ఇంగ్లిష్‌లో చచ్చిన గుర్రాలు రెండున్నాయి. అయిపోయిన సంగతిని పట్టుకుని వేలాడటం అనే అర్థం 19వ శతాబ్దంలో వాడుకకెక్కింది. దానికి మన పాము అతికినట్టు సరిపోతుంది. మీ కళాసి చెప్పే గుర్రం అంతకంటే పాతది. ముందే డబ్బు పుచ్చుకుని, అది కాస్తా ఖర్చయిపోయాక ఆ పని చేయాల్సి రావడాన్ని 17వ శతాబ్దం నుంచే అలా అనేవారు.

డబ్బు లెక్క తెలిస్తే తప్ప ఆ ఊరేగింపు అర్థం కాదు. కళాసి ఒప్పందం మీద సంతకం పెట్టగానే ఒక నెల జీతానికి చీటీ రాసిచ్చేవారు. ఓడ రేవు దాటిన కొన్ని రోజులకు, ఆ మనిషి నిజంగా ఎక్కి వెళ్ళాడని తేలితేనే ఆ చీటీ చెల్లుతుంది. మరి నడిసముద్రంలో ఉన్నవాడు దాన్ని మార్చుకునేదెలా? రేవులో బస ఇచ్చినవాడే తగ్గించి కొనేవాడు. తిండికింత, మందుకింత, బూట్లకింత, వాన కోటుకింత అని పద్దు రాసి, మిగిలిన చిల్లర చేతిలో పెట్టేవాడు. ఒక్కోసారి ఆ చిల్లరా ఉండదు. ఈ దళారులను క్రింపులు అనేవారు. శాన్‌ఫ్రాన్సిస్కోలో కొందరైతే మనిషికి మత్తు పట్టించి, ఒళ్ళు తెలియకుండా ఓడలో పడేసి, అడ్వాన్స్ జేబులో వేసుకునేవారు. బ్రిటన్ 1880లో ఈ చీటీలను నిషేధించింది. 1889లో, నెల జీతం మించకుండా అయితే సరే అంటూ మళ్ళీ సందు ఇచ్చింది.

అంటే మొదటి నెలంతా కళాసి చేతికి పైసా రాదు. అర్ధరాత్రి, చలిగాలిలో, తడిసి బిగుసుకుపోయిన తెరచాపను గోళ్ళు ఊడేలా చుడుతున్నా సరే, ఆ రోజు కూలి ఎప్పుడో రేవులో ఒకడి గల్లాపెట్టెలో పడిపోయింది. ఆ నెలే చచ్చిన గుర్రం.

నెల తీరిన రోజున ఆ గుర్రాన్ని వదిలించుకోవడం ఒక వేడుక. అన్ని ఓడల్లోనూ చేయలేదు కానీ, 19వ శతాబ్దం చివరి భాగంలో ఆస్ట్రేలియా వెళ్ళే ప్రయాణికుల ఓడల్లో బాగా నడిచింది. చిరిగిన తెరచాప గుడ్డతో గుర్రాన్ని కుట్టి, గడ్డో చెక్కపొట్టో కూరేవారు. కొందరు పీపానే పొట్టగా పెట్టేవారు. పాత తాడు పీచు తోక, జూలు. డెక్కంతా లాక్కుంటూ తిప్పి, ఒక్కోచోట ఉత్తుత్తి వేలం కూడా వేసేవారు. ఆ వేలంలో ప్రయాణికులు పాడిన డబ్బు కళాసులకే చేరేది. ఆ తర్వాత దానికి తాడు కట్టి, తెరచాప వేలాడే అడ్డదూలం కొసదాకా పైకి లాగేవారు. పైన ఒకడు కత్తితో తాడు కోసేవాడు. గుర్రం నీళ్ళలో పడగానే కేకలు. మంచి కెప్టెన్ అయితే తలా గుక్కెడు రమ్ము పోయించేవాడు.

లాగేటప్పుడు పాడేది పని పాటే. ఒకడు చరణం ఎత్తుకుంటాడు, అప్పుడు మిగతావాళ్ళు ఊపిరి పీల్చుకుని తాడు మీద పట్టు సరిచేసుకుంటారు. పల్లవి అందుకున్నప్పుడు అందరూ ఒక్కసారిగా గుంజుతారు, సాధారణంగా పల్లవికి రెండు గుంజులు. లంగరు ఎత్తేటప్పుడు పాట వేరు. అక్కడ గుంజడం ఉండదు, పెద్ద చక్రానికి గుచ్చిన కర్రలను ఛాతీతో నెడుతూ గుండ్రంగా నడవాలి, కాబట్టి పాటకు నడక తూగు ఉంటుంది. మంచి పాటగాడు తాడు మీద పదిమంది పెట్టు అని వాళ్ళలో సామెత. తీరిక వేళల్లో వీటి జోలికి పోయేవారు కాదు, కాలక్షేపం పాటలు వేరే ఉండేవి. అందుకని మీరు ‘గానం చేశారు’ అని మాత్రం రాయకండి. ‘పాట ఎత్తుకున్నారు’ అనండి చాలు.

గ్రూప్స్ అభ్యర్థి:
మాస్టారూ, జాగ్రఫీలో ‘అశ్వ అక్షాంశాలు’ చదివాం. గాలి లేక ఓడలు ఆగిపోతే, నీళ్ళు చాలక గుర్రాలను సముద్రంలో పడేశారని కోచింగ్‌లో చెప్పారు. దానికీ దీనికీ సంబంధముందా?

భీమిలి మాస్టారు:
ఉందనేవాళ్ళున్నారు నాయనా. ఇంగ్లండ్ నుంచి బయలుదేరిన ఓడ దాదాపు 30 డిగ్రీల అక్షాంశం దగ్గరికి చేరేసరికి అడ్వాన్స్ తీరేదని, గుర్రాన్ని అక్కడే పడేసేవారని, అందుకే ఆ పేరని వాళ్ళ వాదన. మీ కోచింగ్ కథకూ దీనికీ రెంటికీ గట్టి ఆధారం లేదు. నాకైతే ఈ రెండోది కుదరదనిపిస్తుంది. గాలి కలిసొచ్చిన వేగపు ఓడలు నెల తిరక్కుండానే భూమధ్యరేఖ దాటేసేవి. 30 డిగ్రీల దగ్గర గుర్రానికి ఇంకా ప్రాణం ఉన్నట్టే లెక్క! పరీక్షలో మాత్రం పుస్తకంలో ఉన్నదే రాయి.

పాత పుస్తకాల పురుగు:
చిక్కేముందండీ, ‘వెట్టిచాకిరీ’ అనేస్తే పోలా?

సిక్కోలు కుర్రోడు:
వెట్టి కాదండి. వెట్టికి కూలే ఉండదు. ఇక్కడ కూలి ఇచ్చారు, కాకపోతే ముందే అయిపోయింది. మా తీరం నుంచి గుజరాత్ వేరావల్ బోట్లకి చేపల వేటకు వెళ్ళేవాళ్ళు ఇంటి దగ్గర అడ్వాన్స్ తీసుకునే బయలుదేరతారు. ఆ డబ్బు ఇంట్లో బియ్యానికో, పాత అప్పుకో సరిపోద్ది. ఫోన్ చేసి ‘డబ్బులేమైనా పంపుతావా’ అంటే ‘ఇంకా అడ్వాన్స్‌లోనే ఉన్నాను’ అంటారు. అక్కా, మీ కళాసి అన్నది అదే ముక్క.

భీమిలి మాస్టారు:
శభాష్. కలకత్తా రేవులో మన దేశపు కళాసులది కూడా ఇదే వరస. ఘాట్ సరంగు పనిలో పెట్టించేవాడు, బస ఇచ్చినవాడు అప్పు పెట్టేవాడు, జీతంలోంచి వాళ్ళ వాటాలు పోగా మిగిలింది ఇంటికి.

అనువాదకురాలు:
అయితే మొదటిసారి ఇలా రాస్తాను: ‘ఇంకా చచ్చిన గుర్రానికే పని చేస్తున్నాం, అంటే తినేసిన జీతానికి చాకిరీ.’ తర్వాత వచ్చిన చోటల్లా గుర్రం ఒక్కటే ఉంచుతాను. బాగుందా? ఇంకొక్కటి. 1930ల నాటి మరో కళాసి రాసింది కూడా నా దగ్గరుంది, అందులో ఈ గుర్రం ఊసే లేదు. పాటలు మరిచిపోయారా?

భీమిలి మాస్టారు:
బాగుంది. ‘అంటే’ తీసేసి రెండు వాక్యాలు చేస్తే ఇంకా కళాసి నోటి మాటలా ఉంటుంది.

ఇక రెండోది. పాటలు తగ్గిన మాట నిజమే. డెక్ మీద చిన్న ఆవిరి యంత్రం పెట్టాక లంగరెత్తడానికి, పెద్ద తెరచాపలు లాగడానికి అంతమంది అక్కర్లేకపోయింది, యజమానులు మనుషులను తగ్గించేశారు. అయితే గుర్రం మాయం కావడానికి ఇంకో కారణం కూడా ఉందని నా అనుమానం. 1930ల నాటికి సముద్రాలు దాటే పెద్ద తెరచాప ఓడల్లో చాలావాటికి ఫిన్లండ్‌కు చెందిన ఓలాండ్ దీవుల్లోని గుస్తాఫ్ ఎరిక్సన్ అనే యజమాని. ఆస్ట్రేలియా నుంచి గోధుమలు మోయించేవాడు. ఆ ఓడల్లో పనిచేసిన కుర్రాళ్ళలో చాలామంది శిక్షణ కోసమని ఎదురు ఫీజు కట్టి ఎక్కినవాళ్ళు. మీ రెండో ఆయన ఏ ఓడ ఎక్కాడో, జీతానికి కుదిరాడో ఫీజు కట్టాడో ఒకసారి చూడండి. ఫీజు కట్టి ఉంటే, అడ్వాన్సే లేనివాడికి గుర్రం ఎక్కడినుంచి వస్తుంది?

అనువాదకురాలు:
చూశాను మాస్టారూ. ఎరిక్సన్ ఓడే. ఫీజు వాళ్ళ నాన్న కట్టాడట.