బురుజులో చెక్కిన ఒక్క మాట: తెలుగులో ఏమనాలి?

మా కాలేజీ ఎగ్జిబిషన్ కోసం మారీ దురాన్ మీద పోస్టర్ చేస్తున్నాను. ప్రొటెస్టెంట్ కుటుంబం ఆమెది. దక్షిణ ఫ్రాన్స్‌లో ఎగ్-మోర్త్ ఊరి బురుజులో 1730 నుంచి 1768 దాకా, 38 ఏళ్లు, తోటి ఆడవాళ్లతో పాటు బంధించారు. మతం వదిలేస్తానంటే విడిచిపెట్టేవాళ్లు. ఆమె అనలేదు.

ఆ గది మధ్య రాతి అంచు మీద ఒక్క మాట చెక్కి ఉంది: ‘రెజిస్తే’. అక్షరదోషంతోనే! ఆమే చెక్కిందని చెబుతారు. పోస్టర్ హెడ్డింగ్ అదే.

నిఘంటువు ‘ప్రతిఘటించు’ అంటోంది. పెట్టి చూస్తే ఊరేగింపు నినాదంలా ఉంది. ‘ఎదిరించు’ అంటే కొట్లాటకు దిగినట్టు, ‘ఓర్చుకో’ అంటే తల వంచినట్టు. ‘లొంగకు’ దగ్గరగానే ఉంది కానీ ఎవరినో నువ్వు అని ఆజ్ఞాపిస్తున్నట్టు వినిపిస్తోంది. ఫ్రెంచి మాటలో నువ్వూ లేదు, మీరూ లేదు, ఉత్త క్రియ మాత్రమే. ‘లొంగకపోవడం’ అన్నా చప్పగా ఉంది. శుక్రవారం ప్రింటింగ్‌కి ఇవ్వాలి, టెన్షన్‌గా ఉంది.

తనకీ తోటివాళ్లకీ కలిపి చెప్పుకున్నట్టుండే ఒక్క తెలుగు మాట, మీరైతే ఏది పెడతారు?