గేమ్ ఆఫ్ థ్రోన్స్ ఎనిమిదో సీజన్: లోపం ముగింపులో ఉందా, అక్కడికి నడిపించిన తీరులో ఉందా?

ప్రశ్న – ఉత్తరపు గాలి

సింహాసనం కోసం సాగే పోరు కథగా వచ్చిన టీవీ సిరీస్ గేమ్ ఆఫ్ థ్రోన్స్‌ను మొదటి సీజన్ నుంచి వరుసగా చూస్తూ వచ్చి, ఈ మధ్యే చివరి సీజన్‌ను రెండోసారి పూర్తి చేశాను. 2019 ఏప్రిల్, మే నెలల్లో ప్రతి సోమవారం పొద్దున్నే హాట్‌స్టార్‌లో చూసినప్పుడు సింహాసనం కోసం పోరాడే రాణి డెనేరిస్ చివరికి రాజధాని నగరాన్నే కాల్చేసేలా మారడం నాకు పూర్తిగా అకారణంగా తోచింది. ఈసారి అలా అనిపించలేదు. అన్న విసెరిస్ తలపై కరిగిన బంగారం పోస్తుంటే ఆమె చలించకుండా చూడటం, తాను జయించిన మీరీన్ నగరంలో 163 మంది బానిస యజమానులను శిలువ వేయించడం, యుద్ధంలో ఓడినా తలవంచని టార్లీ తండ్రీకొడుకులను తన డ్రాగన్ డ్రోగాన్ మంటకు అప్పగించడం వరుసగా కళ్లముందు ఉంటే, ఆమెలోని క్రౌర్యం కొత్తగా పుట్టుకొచ్చినది కాదని ఒప్పుకోవలసి వస్తుంది. అయినా ఐదో ఎపిసోడ్‌లో నగరం లొంగిపోయిందని తెలిపే గంటలు మోగి, సైనికులు కత్తులు కింద పడేసిన తరువాత కూడా ఆమె సామాన్య జనం మీదికి ఎందుకు వెళ్లిందో మనసుకు ఎక్కలేదు. ఇన్ని సూచనలు ఉండి కూడా నమ్మకం కుదరకపోవడానికి ఎపిసోడ్ల సంఖ్య తగ్గడమే కారణమంటారా?

జవాబు 1 – పాత పాఠకుడు

మీరు చెప్పిన బాధితుల్లో ఒక్కరూ నిరుపేద కారు, నిరాయుధులైన ప్రజలూ కారు. వాళ్లంతా ఆమె దృష్టిలో పీడకులో, శత్రువులో. దీనికి పూర్తి విరుద్ధంగా నిలిచే దృశ్యం నాలుగో సీజన్ చివరి ఎపిసోడ్‌లో ఉంది. ఒక కాపరి గుడ్డలో చుట్టిన తన మూడేళ్ల కూతురి ఎముకలను తెచ్చి ఆమె ముందు పెడతాడు. ఆ పసిదాన్ని కాల్చింది డ్రోగాన్. డ్రోగాన్ దొరకకపోయేసరికి, తాను బిడ్డలని పిలుచుకునే మిగిలిన రెండు డ్రాగన్లను డెనేరిస్ నేలమాళిగలోకి తీసుకువెళ్లి, మెడకు గొలుసులు తగిలించి, ఏడుస్తూ రాయి మూయిస్తుంది. ఒక పేదవాడి బిడ్డ కోసం అంత పని చేసిన మనిషి, వేలమంది బిడ్డలున్న నగరాన్ని కాల్చే స్థితికి ఎలా చేరిందన్నదే అసలు కథ. సూచన వేరు, కారణం వేరు.

కారణాలు అసలే లేవని నేను అనను. నమ్మిన అనుచరుడు జోరా మరణం, సింహాసనంపై ఆమె కన్నా ముందు హక్కు ప్రియుడు జాన్‌దేనని తేల్చిన అతని జన్మరహస్యం, మరో డ్రాగన్ రేగల్‌ను సముద్రం మీద కూల్చివేయడం, కోటగోడ మీద స్నేహితురాలు మిస్సాండే తల నరకడం, సలహాదారు వేరిస్ ద్రోహం చాలినంత బలమైనవే. అయితే ఇవన్నీ ఒకదాని మీద ఒకటి పడిపోతాయి. ఏ దెబ్బా ఆమెలో ఇంకడానికి వ్యవధి లేదు. పైగా గంటలు మోగినప్పుడు ఆమె ముఖం ఒక్కసారి దగ్గరగా కనిపించి, డ్రోగాన్ గాలిలోకి లేచిన తరువాత ఆ ఎపిసోడ్‌లో మళ్లీ కనిపించదు. కెమెరా నగరంలో చిక్కుకున్న ఆర్య అనే అమ్మాయితోపాటు వీధుల్లో, బూడిదలో పరుగెత్తుతుంది. బాధితుల వైపు నిలబడటం దర్శకుడిగా మిగ్వెల్ సపోచ్నిక్ చేసిన గొప్ప ఎంపికే, కానీ మనకు జవాబు దొరకవలసిన ఒక్క చోటు కూడా దానితో మూసుకుపోయింది.

జవాబు 2 – మంచుగోడ కాపలా

సంఖ్య కూడా చిన్న విషయం కాదు. మొదటి ఆరు సీజన్లకు పదేసి ఎపిసోడ్లు ఉంటే, ఏడో సీజన్‌కు ఏడు, ఎనిమిదో సీజన్‌కు ఆరు మాత్రమే వచ్చాయి. ఇంకా కొనసాగించడానికి ప్రసార సంస్థ హెచ్‌బీఓ సుముఖంగానే ఉన్నా, ఇంతటితో ముగించాలని సిరీస్ సృష్టికర్తలు డేవిడ్ బెనియాఫ్, డి.బి. వైస్ నిర్ణయించుకున్నారు. సిరీస్‌కు మూలమైన నవలలు రాసిన జార్జ్ ఆర్.ఆర్. మార్టిన్ ఐదో నవల 2011లో వెలువడిన తరువాత ఆరోది రాలేదు కాబట్టి, వాళ్లకు చేరవలసిన ఊరు తెలుసు గానీ దారి తెలియదు.

యోధుడు జైమీ విషయంలో ఈ లోటు ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది. రెండో ఎపిసోడ్‌లో అతను యోధురాలు బ్రియాన్‌ను మోకాళ్ల మీద కూర్చోబెట్టి నైట్‌గా, అంటే బిరుదు పొందిన వీరురాలిగా ప్రకటించిన సన్నివేశం ఈ సీజన్ మొత్తంలో నాకు అత్యంత ఇష్టమైనది. ఆ మనిషే ఐదో ఎపిసోడ్‌లో, అమాయకులైనా కాకపోయినా ప్రజల గురించి తానెప్పుడూ పెద్దగా పట్టించుకోలేదని అంటాడు. ఒకప్పుడు పిచ్చిరాజుగా పేరుపడ్డ డెనేరిస్ తండ్రి నగరాన్ని తగలబెట్టబోతే అదే ప్రజల కోసం రాజును చంపి, జీవితమంతా రాజహంతకుడనే నింద మోసినవాడు ఆ మాట అనడాన్ని నేను ఇప్పటికీ జీర్ణించుకోలేకపోతున్నాను.

జవాబు 3 – శాంతిపర్వం

అమెరికా టీవీ పురస్కారాలైన ఎమ్మీల్లో ఆ ఏడాది ఉత్తమ డ్రామా సిరీస్ పురస్కారం దీనికే దక్కింది. సీజన్‌ను మళ్లీ తీయాలన్న వినతిపత్రం మీద 15 లక్షలకు పైగా సంతకాలూ పడ్డాయి. నటన, సంగీతం, చిత్రీకరణ ఒక ఎత్తు, రచన ఒక ఎత్తు అన్నందుకు ఈ రెండూ సాక్ష్యాలే.

నా అభ్యంతరం మాత్రం దహనానికి ముందున్న భాగం గురించి కాదు, తరువాతి భాగం గురించి. తిక్కన భారతం చదువుకున్న మనకు, యుద్ధం అయిపోగానే కథ అయిపోదని తెలుసు. స్త్రీపర్వంలో గాంధారి శోకమూ, శాంతిపర్వంలో రాజ్యమే వద్దనే ధర్మరాజు నిర్వేదమూ అక్కడే మొదలవుతాయి. ఇక్కడేమో జాన్ డెనేరిస్‌ను పొడుస్తాడు, డ్రోగాన్ సింహాసనాన్ని కరిగించి ఆమె శవంతో ఎగిరిపోతుంది, ఆ వెంటనే చెరలో ఉన్న ఆమె సలహాదారు టిరియన్ కనిపిస్తాడు. మధ్యలో వారాలు గడిచిపోయాయి. తన రాణిని చంపినవాణ్ని సేనాని గ్రే వర్మ్ అక్కడికక్కడే ఎందుకు చంపలేదు, ఆమె వెంట వచ్చిన అంతటి డోత్రాకీ గుర్రపు సేన ఎలా ఊరుకుంది, ఈ సంగతి నగరానికి ఎవరు ప్రకటించారు? చివరి ఎపిసోడ్‌కు ప్రాణం పోయగలిగిన నాటకమంతా ఆ ఒక్క కోతలో పోయింది.

ఉత్తరపు గాలి

ముగ్గురికీ కృతజ్ఞతలు. కాపరి కూతురి దృశ్యాన్ని పక్కన పెట్టుకుని చూస్తే నా ప్రశ్న మరింత కచ్చితమైంది. శాంతిపర్వం గారు చెప్పిన కోతకు తోడుగా ఇంకొకటి చేరుస్తాను. కొత్త రాజును ఎన్నుకునే సభలో రాజుగా ఉంటావా అని అడిగితే, ఇంతదూరం తానెందుకు వచ్చాననుకుంటున్నారని దివ్యదృష్టి గల బ్రాన్ బదులిస్తాడు. జరగబోయేదంతా అతనికి ముందే తెలుసని ఆ మాట ధ్వనిస్తోంది కదా, అలాంటప్పుడు నగరం కాలిపోతుందని కూడా తెలుసా అని ఆ సభలో ఒక్కరూ, చివరికి అతని అక్క సాన్సా కూడా, అడగరు.