రంగారెడ్డి జిల్లాలో రెండు సిక్కోలు (శ్రీకాకుళం) జిల్లాలు పడతాయా? పందెం తేల్చండి

రాజాం కుర్రోడు:

సంక్రాంతికి అక్కా బావా హైదరాబాద్ నుంచి వచ్చారు. బావ కూకట్‌పల్లిలో స్థిరపడి ఇరవై ఏళ్లయింది, మాట కూడా సగం అటే తిరిగిపోయింది. కనుమ రోజు భోజనాల దగ్గర ఊళ్లో కుర్రాళ్లెవరూ మిగలడం లేదని నాన్న అంటుంటే, బావ ముక్క నములుతూ “మా రంగారెడ్డి జిల్లా జనంలో మీ సిక్కోలు జిల్లాలు రెండు పడతాయి మావయ్యా” అనేశాడు. నాకు ఒళ్లు మండి అక్కడే ఫోన్ తీసి చూస్తే రంగారెడ్డి జనాభా 24 లక్షలు అని వచ్చింది, సిక్కోలుకేమో 27 లక్షలు! రెండు కాదు కదా, ఒక్కటే పట్టదు. రెండు కేజీల మటన్ పందెం కట్టాం. అంతలో బావ ఇంకో పేజీ తెరిచి చూపిస్తే అందులో 53 లక్షలని ఉంది. ఒకే జిల్లాకి ఇంత తేడా ఏటండీ? పైగా కూకట్‌పల్లి ఇప్పుడు రంగారెడ్డిలో లేదని ఎవరో అన్నారు, బావ ఆధార్ కార్డులో మాత్రం రంగారెడ్డి అనే ఉంది. తెలిసినవాళ్లు చెప్పండి, మటన్ సంగతి తేలాలి.

నాగావళి గట్టు:

రెండు అంకెలూ కరెక్టే తమ్ముడూ. రెండూ 2011 జనాభా లెక్కల నుంచి వచ్చినవే, జిల్లా గీతలు మారాయి అంతే. లెక్కలు తీసినప్పుడు రంగారెడ్డి అంటే హైదరాబాద్ జిల్లా చుట్టూ తలపాగా చుట్టినట్టు ఉన్న పాత జిల్లా. దాని జనాభా 52,96,741, ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో అన్ని జిల్లాల కంటే ఎక్కువ. 2016 అక్టోబర్ 11న తెలంగాణలో కొత్త జిల్లాలు వచ్చినప్పుడు దాన్ని ప్రధానంగా మూడు ముక్కలు చేశారు. రంగారెడ్డి, మేడ్చల్-మల్కాజిగిరి, వికారాబాద్. అవే పాత లెక్కల్ని మండలాల వారీగా కొత్త గీతల్లోకి సర్దితే రంగారెడ్డికి సుమారు 24 లక్షలు, మేడ్చల్-మల్కాజిగిరికి కూడా ఇంచుమించు అంతే, వికారాబాద్‌కి 9 లక్షల పైచిలుకు వచ్చాయి. పాత మహబూబ్‌నగర్ జిల్లా మండలాలు కొన్ని కూడా వీటిలో కలిశాయి, అందుకే మూడూ కూడితే 53 లక్షలు దాటుతుంది. నీ ఫోన్ కొత్త జిల్లాది చూపించింది, మీ బావ పాత జిల్లాది చూపించాడు.

కూకట్‌పల్లి ఇప్పుడు మేడ్చల్-మల్కాజిగిరి జిల్లాలోది. అక్కడ గమ్మత్తు ఏంటంటే, కూకట్‌పల్లిలోని కేపీహెచ్‌బీ కాలనీ దగ్గర మెట్రో ఎక్కి రెండో స్టేషన్ మియాపూర్‌లో దిగితే రంగారెడ్డి జిల్లాలో దిగినట్టు. అదే బొంబాయి రోడ్డు పట్టుకుని ఇంకాస్త ముందుకు పోయి బీహెచ్‌ఈఎల్ దగ్గర రామచంద్రాపురం చేరితే సంగారెడ్డి జిల్లా. షేర్ ఆటోలో కూర్చుని మూడు జిల్లాలు దాటేయొచ్చు. అక్కడివాళ్లకి అదంతా “హైదరాబాదే”, అందుకే ఏ జిల్లా అని అడిగితే సగం మంది తడుముకుంటారు.

రాజాం కుర్రోడు:

అయితే హైదరాబాద్ జిల్లా వేరు, జీహెచ్ఎంసీ (హైదరాబాద్ మహానగర కార్పొరేషన్) వేరా? నేను రెండూ ఒకటే అనుకున్నాను.

నాగావళి గట్టు:

వేరే. జీహెచ్ఎంసీ 2007 ఏప్రిల్‌లో వచ్చింది. పాత కార్పొరేషన్‌లో చుట్టూ ఉన్న 12 మున్సిపాలిటీలని కలిపేశారు. ఎల్బీనగర్, ఉప్పల్, కాప్రా, మల్కాజిగిరి, అల్వాల్, కుత్బుల్లాపూర్, కూకట్‌పల్లి, శేరిలింగంపల్లి, రాజేంద్రనగర్ లాంటివి. ఎక్కువ భాగం అప్పటి రంగారెడ్డి జిల్లావే. అంటే అప్పట్లో చెత్త బండి హైదరాబాద్‌ది, కలెక్టర్ రంగారెడ్డి ఆయన. ఆ కలెక్టర్ ఆఫీసు కూడా చాలా ఏళ్లు లక్డీకాపూల్‌లో, అంటే పక్క జిల్లాలో ఉండేది. 2022లో కొంగర కలాన్‌లో కట్టాకే సొంత జిల్లాలోకి వెళ్లింది.

బాలానగర్ ఫిట్టర్:

మాది ఆమదాలవలస దగ్గర పల్లె, 1989లో విశాఖ ఎక్స్‌ప్రెస్ ఎక్కి సికింద్రాబాద్‌లో దిగినవాణ్ని. పాత సంగతులు నాకు తెలిసినంత చెబుతాను.

నిజాం కాలంలో ఆ చుట్టుపక్కల భూమిని అత్రాఫ్-ఎ-బల్దా అనేవారు. బల్దా అంటే పట్నం, అత్రాఫ్ అంటే చుట్టుపక్కల. ఇప్పటికీ మున్సిపాలిటీని అక్కడి పెద్దవాళ్లు బల్దియా అంటారే, ఆ మాటే. అందులో చాలా మటుకు సర్ఫ్-ఎ-ఖాస్, అంటే నిజాం సొంత ఖర్చులకి రాబడి వచ్చే భూములు. 1948 పోలీసు చర్య తర్వాత అత్రాఫ్-ఎ-బల్దానీ, బాగాత్ అనే ఇంకో జిల్లానీ కలిపి హైదరాబాద్ జిల్లా చేశారు. 1978 ఆగస్టు 15న పట్నం మధ్యభాగాన్ని హైదరాబాద్ జిల్లాగా ఉంచి, చుట్టూ ఉన్నదాన్ని విడదీసి, ఉప ముఖ్యమంత్రిగా చేసిన కొండా వెంకట రంగారెడ్డి పేరు పెట్టారు. 1956లో పెద్దమనుషుల ఒప్పందం మీద తెలంగాణ తరఫున సంతకం పెట్టినవాళ్లలో ఆయనొకరు. మన విజయనగరం జిల్లా కూడా దాదాపు దాని ఈడుదే, 1979 జూన్ 1న పుట్టింది.

జనం ఎందుకు పెరిగారంటే, ఐటీ అంటారు అందరూ. అది తర్వాత మాట. సైబర్ టవర్స్ తెరిచింది 1998లో. మేం వెళ్లేసరికే ఐడీపీఎల్, హెచ్ఎంటీ, హెచ్ఏఎల్, ఈసీఐఎల్ లాంటి కేంద్ర ప్రభుత్వ ఫ్యాక్టరీలన్నీ అటే ఉన్నాయి, వాటికి చిన్న చిన్న పార్టులు చేసే షెడ్లు బాలానగర్‌లో వందల్లో ఉండేవి, జీడిమెట్లలో మందుల కంపెనీలు. లేత్ మీద చెయ్యి తిరిగినవాడికి మధ్యాహ్నానికల్లా పని దొరికేది. ఒకడు గది తీసుకుంటే ఊళ్లో నుంచి నలుగురు దిగేవాళ్లం, రెండు షిఫ్టులు కాబట్టి నాలుగు చాపలే ఎనిమిది మందికి సరిపోయేవి. రాత్రి డ్యూటీవాడు వచ్చి లేపితే మనం లేవాలి. ఒక షెడ్డు ఓనరు మూడు నెలల జీతం ఎగ్గొట్టాడు, అది వేరే కథ.

మీ బావ గొప్పలు పోతున్నాడు గానీ ఆ 53 లక్షల్లో మనవాళ్లే ఎంతమందో!

మాజీ మాస్టారు, బొబ్బిలి:

ఫిట్టర్ గారూ, మనవాళ్లు ఉన్న మాట నిజమే గానీ వాళ్ల వల్లే నిండిపోయిందనుకోకండి. 2001 నుంచి 2011 లోపు హైదరాబాద్ జిల్లా పెరిగింది 3 శాతం లోపే. అదే పదేళ్లలో రంగారెడ్డి 48 శాతం పెరిగింది, 35.75 లక్షల నుంచి 52.97 లక్షలకి. మధ్యలో చోటు లేక అద్దెలు కట్టలేక పట్నంవాళ్లే అంచులకి జరిగారు, తెలంగాణ పల్లెల నుంచి వచ్చినవాళ్లు ఉన్నారు, కోస్తా, సీమ, పక్క రాష్ట్రాలు, అందరూ ఉన్నారు. ఆ 48 శాతం కూడా జిల్లా అంతటా ఒకేలా లేదు. తాండూరు వైపు వెళ్తే కంది చేలు, బండల క్వారీలు, ఊళ్లు మన ఊళ్లలాగే ఉంటాయి.

అదే పదేళ్లలో శ్రీకాకుళం పెరిగింది లక్షా 65 వేలు, విజయనగరం 95 వేలు. రంగారెడ్డి 17 లక్షలు.

నేను 2011లో ఎన్యూమరేటర్‌గా చేశాను. జనాభా లెక్కలు ఫిబ్రవరి 9 నుంచి 28 వరకు. సంక్రాంతికి వచ్చినవాళ్లు అప్పటికి తిరిగి వెళ్లిపోయి ఉంటారు కదా, వరసగా నాలుగిళ్లకి తాళాలు, అయిదో ఇంటి అరుగు మీద ఒక ముసలమ్మ చింతపండు పిక్కలు తీస్తూ కూర్చుంది. ఇంట్లో ఎందరు అంటే అయిదుగురు అంది. ఇద్దరు కొడుకులు, కోడలు, మనవడు, తను. వాళ్లెక్కడమ్మా అంటే “జీడిమెట్ల” అంది. ఆ ఇరవై రోజులూ ఊళ్లో లేనివాళ్లని ఇక్కడ రాయకూడదు, వాళ్లని అక్కడ రాస్తారు అని ఎంత చెప్పినా వినదే! “రేషన్ కార్డులో ఉన్నోళ్లని నువ్వు తీసేత్తావేటి బావూ” అని దెబ్బలాడింది. ఒక్కరినే రాశాను. మజ్జిగ ఇస్తానన్నది కూడా ఇవ్వలేదు.

రాజాం కుర్రోడు:

మాస్టారూ, మా నాన్నమ్మ కూడా అంతే! ఇంతకీ పందెం?

మాజీ మాస్టారు, బొబ్బిలి:

లెక్క పాత జిల్లాకి పాత జిల్లాతో చెయ్యాలి. 2011లో శ్రీకాకుళం 27,03,114. రెండు రెట్లు వేస్తే 54,06,228. రంగారెడ్డి 52,96,741. లక్షా తొమ్మిది వేల మంది ఎక్కువయ్యారు, రెండు సిక్కోళ్లు పట్టవు. కాబట్టి బావ ఓడిపోయాడు.

నాగావళి గట్టు:

ఆగండి మాస్టారూ. ఇతనిది రాజాం. 2022 ఏప్రిల్ 4 నుంచి రాజాం విజయనగరం జిల్లా. 2011 విజయనగరం 23,44,474, రెండు రెట్లు అయినా 47 లక్షలు దాటదు, రంగారెడ్డిలో సుఖంగా పడతాయి, ఇంకా ఆరు లక్షల చోటు మిగులుతుంది. బావకి ఈ పాయింట్ చెప్పకు తమ్ముడూ.

రాజాం కుర్రోడు:

ఆలస్యమైపోయింది, అక్క ఈ పేజీ చదివేసింది. చెరో కేజీ తెమ్మంది.