అప్‌డేట్: బ్రిటన్ పేదరికం మీద మీరు చెప్పిన పుస్తకాలు

బ్రిటన్ అంటే మనకు రాజులు, వైస్రాయిలే గుర్తొస్తారు, అక్కడి మామూలు జనం ఎలా బతికారో చెప్పే పుస్తకాలు ఏవి అని అడిగాను కదా. ఎక్కువమంది పేదరికం మీద పరిశోధన చేసిన సీబోమ్ రౌంట్రీ పుస్తకంతో మొదలుపెట్టమన్నారు, అలాగే చేశాను.

1901లో వచ్చిన ఆ పుస్తకం ఇంగ్లండ్‌లోని యార్క్ నగరం గురించి. ఇంటింటి సర్వే చేయించి, ఊరి జనంలో దాదాపు 28 శాతం పేదరికంలో ఉన్నారని తేల్చాడు. నన్ను బాగా కదిలించింది మాత్రం ఒక పేజీ. ఒంట్లో సత్తువ నిలవడానికి మాత్రమే సరిపోయే డబ్బుతో బతకాలంటే రైలెక్కకూడదు, పేపర్ కొనకూడదు, దూరాన ఉన్న పిల్లలకు ఉత్తరం కూడా రాయకూడదు ఎందుకంటే స్టాంపుకు డబ్బుండదు, ఇంట్లో పిల్లలకు గోళీలు, మిఠాయిలు ఉండవు, తండ్రి పొగ తాగకూడదు. చదువుతుంటే గుండె పిండేసినట్టయింది.

పేదవాళ్లు సోమరులనే వాదనకు కూడా జవాబు అందులోనే ఉంది: కటిక పేదరికానికి సగానికి పైగా కారణం, రోజూ పనికి వెళ్తున్నా కూలి చాలకపోవడమే!

మాంచెస్టర్ లాంటి ఊళ్లలో కార్మికుల బతుకుల మీద ఎంగెల్స్ రాసిన పుస్తకం ఇంకా సగంలో ఉంది. జనానికి సామాజిక భద్రత కల్పించాలని చెప్పిన 1942 బెవరిడ్జ్ నివేదిక, 1948లో మొదలైన ఉచిత వైద్యం ఎందుకు అవసరమయ్యాయో ఇప్పుడు బాగా అర్థమవుతోంది.

చెప్పినవాళ్లందరికీ థాంక్స్ అండి. అదే 1948లో విండ్‌రష్ ఓడలో కరీబియన్ దీవుల నుంచి వచ్చినవాళ్ల జీవితాల మీద మంచి పుస్తకం తెలిస్తే చెప్పండి, తర్వాత అదే చదువుతాను.