హార్వర్డ్, ఎంఐటీ అడ్మిషన్లలో జాతి శాతాలను తీర్పుకి ముందూ తర్వాతా ఎలా పోల్చాలి?

కాలేజీ అడ్మిషన్లలో అభ్యర్థి జాతిని లెక్కలోకి తీసుకోకూడదన్న 2023 జూన్ 29 అమెరికా సుప్రీంకోర్టు తీర్పు తర్వాత అడ్మిషన్లు ఎలా మారాయో చూపే పట్టిక తయారుచేస్తున్నాను. లెక్క ఒక చోట ఆగిపోయింది.

హార్వర్డ్‌లో 2023లో చేరినవాళ్లలో నల్లజాతి విద్యార్థులు 18 శాతం, 2024లో 14 శాతం. జాతి చెప్పనివాళ్లు మాత్రం 4 నుంచి 8 శాతానికి పెరిగారు. పై శాతాలు జాతి చెప్పినవాళ్లలోంచి తీసినవి. చెప్పనివాళ్లనీ హారంలో కలిపితే సుమారు 17.3, 12.9 వస్తాయి. చెప్పనివాళ్లలో నల్లజాతివాళ్లు ఎందరో తెలియదు కాబట్టి ఇవి కనిష్ఠాలు మాత్రమే.

ఎంఐటీలో నల్లజాతి విద్యార్థుల వాటా తీర్పుకి ముందు ఏళ్ల 13 శాతం సగటు నుంచి 2024లో 5కి పడిపోయింది. అక్కడ రెండు జాతులు గుర్తుపెట్టిన విద్యార్థిని రెండు చోట్లా లెక్కిస్తారు, మొత్తం 100 దాటుతుంది. దీన్ని హార్వర్డ్ పక్కన పెట్టడం నాకు సరిగా అనిపించడం లేదు.

అన్నిటినీ ఒకే కొలతకి తేవాలని కామన్ డేటా సెట్ (అమెరికా కాలేజీలు ఒకే నమూనాలో ప్రచురించే వివరాలు)లోని జాతివారీ విద్యార్థుల లెక్క, అంటే బీ2 పట్టిక, వాడి చూశాను. అక్కడ ఫెడరల్ నియమం అడ్డొచ్చింది: హిస్పానిక్ (స్పానిష్, లాటిన్ అమెరికా మూలాలున్నవాళ్లు) అని గుర్తుపెడితే ఇంకే జాతి చెప్పినా హిస్పానిక్‌లోకే, మిగతా మిశ్రమ జాతులవాళ్లు విడి వరుసలోకి, వీసాపై తాత్కాలికంగా ఉన్న విదేశీ పౌరులు మరో వరుసలోకి వెళ్తారు. (హైదరాబాద్ నుంచి ఎఫ్1 వీసాపై వెళ్లినవాళ్లు అందుకే ఆసియన్ల లెక్కలో ఉండరు.) దాంతో మిశ్రమ నల్లజాతి విద్యార్థులు నల్లజాతి వరుసలోంచి తప్పిపోతున్నారు. చెప్పనివాళ్లను మిగతా వరుసలకి వాటి నిష్పత్తిలో పంచి చూశాను. కానీ తీర్పు తర్వాత దరఖాస్తులో జాతి గడి ఖాళీగా వదిలేసేవాళ్లు అన్ని జాతుల్లోనూ ఒకే నిష్పత్తిలో ఉంటారనడానికి ఆధారం లేదు.

ఇలాంటి డేటాతో పనిచేసినవాళ్లు చెప్పగలరా: చెప్పనివాళ్లను నిష్పత్తిలో పంచాలా, లేక కనిష్ఠ, గరిష్ఠ హద్దులు మాత్రమే చూపాలా?